ఈ విలేకరికి తెలియదు

నిన్న పొద్దున్న మా వీధిలోకి ఒక ఆటో వచ్చి, మైకులో చెవులు పగిలేలా అరిచింది. ఎవరూ చెప్పడానికి సాహసించని నిజాన్ని ఒక పాత్రికేయుడు బయటపెట్టే సినిమా అట, దేశమంతా చూసి తీరాలట. నాకు ఒళ్ళు మండింది. వెంటనే జ్ఞానప్రకాశం మాస్టారు గుర్తొచ్చారు.

ఆయన అమలాపురంలో హైస్కూలు మాస్టారు, ఒక దినపత్రికకు విలేకరి కూడా. ఆదివారాలు ఆయన పెంకుటింటి వరండాలో మా హేతువాదుల చర్చలు జరిగేవి. అక్కడొక పాడు నియమం ఉండేది. ఎదుటివాడి వాదన ముందు మనమే చెప్పాలి. అతను "ఆయ్, నేనన్నది అదేనండి" అని ఒప్పుకున్నాకే మన మాట మొదలుపెట్టాలి. దేవుడు లేడని చెప్పడానికి వెళ్ళి, చీకటిపడేదాకా దేవుడి తరఫున మాట్లాడి ఇంటికొచ్చిన రోజులున్నాయి నాకు.

ఎనభైల్లో అలాంటి సినిమాయే ఒకటి మా ఊరొచ్చింది. ఉత్తరాదిన రైలు తగలబడి జనం చనిపోయిన ఘోరం మీద తీశారు. ప్రమాదమని కొందరు, కుట్రని కొందరు కొట్టుకుంటున్నారు, విచారణ తేలనే లేదు. సినిమాలో విలేకరి హీరో మాత్రం కుట్రేనని దోషుల్ని వేలెత్తి చూపించేశాడు. హాల్లో ఆడా మగా ఏడ్చారు.

మర్నాడు హాలు యజమాని మాస్టారి ఇంటికొచ్చారు. ఆ యజమాని మాస్టారి పత్రికవాళ్ళకు దగ్గర బంధువు. అమలాపురం ప్రజలు నిజం తెలుసుకున్నారని వార్త రాయమన్నారు. రాయకపోతే విలేకరి పని ఉండదని నవ్వుతూనే చెప్పి వెళ్ళారు. మేం ఊరుకుంటామా? అంతా అబద్ధమని రాయండి, వెనక మేమున్నామని ఎగబడ్డాం.

మాస్టారు నావైపు తిరిగారు. "రైలు తగలబడ్డప్పుడు నువ్వక్కడున్నావేంటోయ్?"

"లేనండి. కానీ అది ప్రమాదమేనండి."

"సినిమా తీసినాయనా లేడు. ఇద్దరికీ భలే తెలిసిపోయిందే."

ఆ సాయంత్రం పత్రికాఫీసుకు చేర్చమని రాజమండ్రి బస్సు డ్రైవరు చేతికిచ్చిన కవర్లో ఆయన పంపిన వార్త ఇంతే: సినిమా చూసి జనం ఏడ్చారు. రైలెలా తగలబడిందో సినిమా చెప్పింది, విచారణ ఇంకా చెప్పలేదు. ఈ విలేకరికి తెలియదు.

అది అచ్చు కాలేదు. వారం తిరక్కుండా ఊళ్ళోకి కొత్త విలేకరి వచ్చాడు. మావాళ్ళు సగంమంది మాస్టారు పిరికివాడని వరండాకు రావడం మానేశారు. నేను మాత్రం పోట్లాడటానికే వెళ్ళాను.

"తెలియదని రాసి ఎవరన్నా ఉన్న పని పోగొట్టుకుంటారా మాస్టారూ?"

"తెలుసని రాసి నిలబెట్టుకోమంటావా?" అని టీ గ్లాసు నా ముందుకు తోశారు.

ఆ జవాబు నాకు అప్పుడూ నచ్చలేదు, ఇప్పుడూ నచ్చదు. ఊరు రెండుగా చీలినప్పుడు తెలియదనడం ఎవరికి ఉపయోగం? అయినా ఇన్నేళ్ళుగా, పత్రికలకు నేను రాసే వ్యాసాల్లో తెలియని చోట తెలియదనే రాస్తున్నాను. వ్యాసం పదును పోతోందని సంపాదకులు ఆ వాక్యం కొట్టేస్తారు. నేను మళ్ళీ చేర్చి పంపుతాను. విసుగే, వాళ్ళకీ నాకూ.