నేను దాటేసిన వాక్యం

తమిళనాడు ధర్మపురి వైపు మా తెలుగు ఇళ్లలో పెండ్లి అంటే పందిరి ఉండాలి, మేళం ఉండాలి, ఊరికి భోజనం పెట్టాలి. మొదటి మొగుడితో తెగతెంపులైన ఆడది మళ్లీ మనువాడితే అవేవీ ఉండవు. దీపాలు పెట్టే వేళకి ఇద్దరు ముగ్గురు పెద్దలు వచ్చి కొత్త చీర ఇస్తారు. ఆమె అది కట్టుకుని వాళ్ల వెంట వెళ్లిపోతుంది. దాన్ని ఎవరూ పెండ్లి అనరు, "చీర పెట్టినారు" అంటారు, అంతే. మొరప్పూర్ స్టేషన్ దగ్గర సేద్యం చేసుకునే ఒకాయన మా అక్కకి అలాగే చీర పెట్టాడు.

అక్క మొదటి మొగుడిది పెన్నాగరం వైపు. పెద్దమనుషులు విడదీసిన రోజున ఆరేళ్ల పాపని వాడే ఉంచేసుకున్నాడు. పాప మీద బెంగతో అక్క సగమైపోయింది. కోర్టుకి పోదామని ఎగిరెగిరి పడింది నేనే. డెబ్బైల మొదట్లో మాట అది. ఇంట్లో హైస్కూలు దాకా చదివింది నేనొక్కదాన్నే, నోరు కూడా నాకే ఎక్కువ.

ధర్మపురిలో మా వకీలు తమిళాయన, నిదానస్తుడు. అంతా రాసుకుని చివర్లో అడిగాడు.

"ఇంకేమైనా ఉందా అమ్మా? మంచైనా చెడైనా ఇప్పుడే చెప్పండి. కోర్టు దగ్గర దాచింది తర్వాత బయటపడితే, మీరు చెప్పిన నిజాన్ని కూడా ఎవరూ నమ్మరు."

అక్క నోరు తెరిచింది. బల్ల కింద నేను ఆమె కాలు తొక్కాను.

"ఏం లేదు సార్. మళ్లీ పెండ్లి కాలేదు. మా అమ్మ దగ్గరే ఉంది" అన్నాను.

పందిరే లేనిది పెండ్లెట్లా అవుతుందని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. మరి కాలెందుకు తొక్కినట్టు? మారు మనువాడిందంటే పాపని ఇవ్వరని నా భయం, అదీ అసలు సంగతి.

టైపు కొట్టిన కాగితాలు వచ్చాయి. తమిళంలో ఉన్నది తెలుగులో అక్కకి చెప్పే పని నాదే. "మళ్లీ పెండ్లి చేసుకోలేదు, తల్లి ఇంట ఉంటున్నది" అన్న చోటికి వచ్చాను. ఆ వాక్యం దాటేసి కిందిది అందుకున్నాను. ఆ మాట కాగితంలోకి ఎక్కిందని ఎరగక అక్క వేలిముద్ర వేసింది.

వాయిదా రోజు అక్కను తీసుకురావడానికి మొరప్పూర్ వెళ్లాను. చీర పెట్టిన ఆయన కూడా చొక్కా తొడుక్కుని సిద్ధంగా ఉన్నాడు. మీరొద్దు అని ఆపేశాను. బస్సెక్కాక అక్కకి చెప్పాను.

"ఏడుంటావని జడ్జి అడిగితే, అమ్మింట్లో అని చెప్పుక్కా."

"ఎందుకే? నేనుండేది ఈడ కదా!"

"చెప్పంటే చెప్పు. పాప కావాలా, వద్దా?"



కోర్టు వరండాలో పాప కనబడింది. "అమ్మా" అని పరుగెత్తబోతే తండ్రి రెక్క పట్టి వెనక్కి లాగాడు. వాణ్ణి అక్కడే చీల్చేయాలనిపించింది నాకు.

అక్క బోనెక్కింది. జడ్జి మెత్తగానే అడిగాడు.

"బిడ్డనిస్తే ఎక్కడ పెట్టుకుంటావమ్మా?"

అక్క నా వైపు చూసింది. చెప్పమని కళ్లతోనే సైగ చేశాను.  అక్క తమిళంలో మొదలుపెట్టి తెలుగులోకి వచ్చేసింది.

"మొరప్పూర్లో అయ్యా. నాకు చీర పెట్టినాయన ఇంట్లో. పాపని తోడుకోని రా, నేను సాకుతా అని ఆయనే చెప్పినాడు."

గుమాస్తా దాన్ని తమిళంలో చెప్పాడు. మా వకీలు తల దించుకున్నాడు. కొంప మునిగింది అనుకున్నాను. జడ్జి కాగితాలు తిప్పి, ఆ వాక్యం మీద వేలు పెట్టి పైకి చదివాడు.

"వేలిముద్ర నీదే కదా. దీన్ని నీకు చదివి చెప్పలేదా?"

"చెప్పినారయ్యా. ఆ మాట మాత్రం చెప్పలేదు."

"ఎవరు చదివింది?"

అక్క పెదవి విప్పలేదు. నన్ను కాపాడుతోంది! అంత చేసినా నన్నే కాపాడుతోంది! సిగ్గుతో ఒళ్లు మండిపోయింది. లేచి నిలబడ్డాను.

"నేనే సార్. ఆ అబద్ధం రాయించిందీ నేనే, చదవకుండా వదిలేసిందీ నేనే. అది కాగితంలో ఉందని అక్కకి తెలియదు."

జడ్జి నా వైపు తిరిగాడు.

"మళ్లీ మనువాడడం తప్పు కాదు. ముందే చెప్పి ఉంటే ఆ ఇల్లెట్లాంటిదో, ఆ మనిషెట్లాంటివాడో అతన్నే అడిగి ఈ రోజే తేల్చేవాణ్ణి. ఇప్పుడు ఈ కాగితంలో ఇంకేది నమ్మమంటావు?"

మూడు నెలలు వాయిదా వేశాడు. అంతవరకు పాప తండ్రి దగ్గరే. పెన్నాగరం బస్సు కిటికీలోంచి అది "అమ్మా, అమ్మా" అని అరుస్తుంటే అక్క బస్సు వెంట పరుగెత్తింది. చెప్పులు ఎక్కడో ఊడిపోయాయి.

మూడు నెలలకి మొరప్పూర్ ఆయన వచ్చి సాక్ష్యం చెప్పాడు. పాపని ఇచ్చారు. మొరప్పూర్ చేరాక అక్క దాన్ని ఒళ్లో కూర్చోబెట్టుకుంది. పాప నవ్వితే ముందు పన్ను లేదు; మూడు నెలల కింద కోర్టు వరండాలో చూసినప్పుడు ఉండింది. ఊడిన పాలపన్నుని పేడలో చుట్టి, తల్లి పక్కన నిలబడి ఇంటి కప్పు మీదికి వేయిస్తుంది. మాకు అదో ముచ్చట.

"పన్ను ఎవురు ఏపించినారే?" అంది అక్క.

"ఎవురూ రాలేదమ్మా. నేనే ఏసుకుంటి."

అక్క నా వైపు చూడలేదు, ఒక్క మాట అనలేదు. తిట్టి ఉంటే బాగుండేది. నేను వంటింట్లోకి పోయి నోట్లో కొంగు కుక్కుకుని ఏడ్చాను.