ఎర్రని చుక్క ఒకటా, రెండా

మొన్న హైదరాబాదులో మా మనవరాలు తాను పనిచేసే ప్రయోగశాలకు నన్ను తీసుకుపోయి, కన్‌ఫోకల్ మైక్రోస్కోపు అనే యంత్రాన్ని చూపించింది. ఒంటికన్ను మూసుకుని వంగి చూసే పనే లేదు; ఎదురుగా తెరమీద ఒక కణం ఉల్లిగడ్డను విప్పినట్టు పొరపొరగా కనబడుతుంటే, పైనుంచీ కిందనుంచీ వచ్చే మసక వెలుగును ఒక సన్నని రంధ్రం ఆపేస్తుందనీ, అందుకే బొమ్మ ఇంత తేటగా వస్తుందనీ ఆ పిల్ల మురిపెంగా చెప్పుకుపోయింది. అయితే మరీ దగ్గరగా ఉన్న రెండు చుక్కలను ఇది కూడా విడదీయలేదనీ, అవి ఒక్కటిగానే కనిపిస్తాయనీ అన్న తర్వాత ఆమె ఏం చెప్పిందో నాకు తెలియదు. నా మనసు మా చిన్నమ్మ దగ్గరికి పోయింది.

అరవైల తొలి ఏళ్ళలో నల్లగొండలోని ఒక దవాఖానలో రక్తమూ కఫమూ పరీక్షించే పనిలో చేరాను. ఆడపిల్ల తెల్లకోటు తొడుక్కుని బజారు వెంట నడిస్తే దుకాణాల్లో తక్కెళ్ళు ఆగిపోయే రోజులవి, మా ఈడువాళ్ళకు చెప్పనక్కరలేదు. ఉత్తరపు కిటికీ దగ్గర ఇత్తడి మైక్రోస్కోపు, దాని కింద చిన్న అద్దం. ఆ అద్దంతో ఆకాశపు వెలుగును పట్టి గాజుపలక మీదికి మళ్ళించాలి. మబ్బు కమ్మిందంటే మా పని అక్కడికి ఆగినట్టే. ఎండాకాలంలో ఎంత తుడిచినా కటకాల మీద ఎర్రదుమ్ము పేరుకునేది.

అమ్మకు చెల్లెలైన మా చిన్నమ్మను తిరుమలగిరి అవతల ఒక నేతవాళ్ళ ఇంట్లో ఇచ్చారు. ఒకరోజు పొయ్యి మీది గిన్నె ముంజేతికి తగిలి బొబ్బ లేచినా ఆమెకు తెలియలేదట. అత్తగారు చూసి చెయ్యి పట్టుకుంటే, కాలినచోట రూపాయంత తెల్లమచ్చ. గిల్లినా స్పర్శ లేదు. పెద్దరోగం, అదే కుష్ఠు, అన్న మాట ఆ ఇంట్లో ఎవరు ముందు అన్నారో గాని, సాయంత్రానికల్లా ఆమె కంచం వేరైంది, పక్క కొట్టంలోకి మారింది, పాలు మరిచిన కొడుకును నాయనమ్మ చంకనెత్తుకుంది. చిన్నాయన తండ్రి మాటకు ఎదురు చెప్పేవాడు కాదు. మామగారు చెడ్డమనిషి కాదు. నల్లగొండలో పరీక్ష చేయించుకు రమ్మనీ, లేదని తేలితే తానే వచ్చి తోడ్కొనిపోతాననీ చెప్పి పంపించాడు.

చెవితమ్మె మీదా మచ్చ అంచునా సన్నగా గీరి, ఊరిన తేమను గాజుపలక మీద పూసి, ఎర్రరంగు పోసి కడిగి, నీలిరంగు వేస్తాం. క్రిములుంటే నీలిరంగులో ఎర్రని పొట్టిపుల్లల్లా కనిపిస్తాయి. చిన్నమ్మ పలకను పొద్దున్నే పట్టుకుని కూర్చున్నాను. ఎక్కడా ఏమీ లేదు. లేదని గుండె నిండా గాలి పీల్చుకోబోతుండగా పలక కొసన ఒక ఎర్రని చుక్క కనబడింది. గుండ్రంగా లేదు, కాస్త సాగినట్టుంది. పుల్లేనేమో. లేక కడిగినా పోని రంగునలుసులు రెండు, పక్కపక్కన అంటుకుని ఉన్నాయేమో.

డాక్టరుగారు చాలాసేపు చూశారు. ఆయన దగ్గర హైదరాబాదు నుంచి తెప్పించిన, మరింత పెద్దగా చూపించే కంటికటకం ఒకటుంది. అది పెట్టి చూస్తే ఆ చుక్క జొన్నగింజంత అయింది గాని దాని అంచులు తడిగుడ్డ మీద పసుపులా అలుక్కుపోయాయి. పెద్దదైంది, తేటపడలేదు. దూరాన వచ్చే బండి లాంతర్లు రెండూ ఒక్క దీపంలా కనిపిస్తాయి కదా, బండి దగ్గరికొస్తే విడిపోతాయి. ఇక్కడ ఆ దగ్గరికి పోయే దారి లేదమ్మా, అంత దగ్గరి చుక్కలను వెలుగే విడదీయలేదు అన్నారు. మళ్ళీ మళ్ళీ పలకలు చేశాను. వాటిలో ఏమీ కనబడలేదు.

బయట వరండాలో గోడకు ఆనుకుని, చెయ్యి కొంగు కింద దాచుకుని చిన్నమ్మ కూర్చునుంది.

“కానొచ్చిందా బిడ్డా?”

“తెలుస్తలేదు చిన్నమ్మా.”

“తెలుస్తలేదంటే ఉన్నట్టా, లేనట్టా?”

 ఆమె పక్కన కూర్చున్నాను.

మూడోనాడు మామగారు వచ్చాడు. డాక్టరుగారు ఏదీ దాచకుండా చెప్పారు: ఆ చుక్క సంగతి ఎవరూ తేల్చలేరు, మచ్చకు స్పర్శ లేదు గనుక మందు మాత్రం మింగాలి, ఈ రకం ఇంకొకరికి అంటదు, నయమవుతుంది. ముసలాయన తాను చూస్తానన్నాడు. చూడనిచ్చారు. నూలుపోగులతో బతుకంతా గడిపిన ఆ మనిషి కటకం మీదికి వంగి, ఊపిరి బిగబట్టి, నెమ్మదిగా తల ఎత్తాడు.

“గదే కదా సారూ, ఎర్రగ, పుల్ల తీరు. నాకు మంచిగ కానొస్తాంది.”

డాక్టరుగారు మళ్ళీ మొదటినుంచీ చెప్పబోయారు. ఆయన చేతులు జోడించాడు.

“మీరు పెద్దోళ్ళు. మేము ఊర్లె బతకాలె. గా ఇంట్ల నేసిన చీర ఎవలు కడ్తరు సారూ?”

 తిట్టిపోయినా బాగుండేది. కోడలి వైపు చూడకుండానే మెట్లు దిగి వెళ్ళిపోయాడు.

చిన్నమ్మ మా ఇంట్లోనే ఉండిపోయింది. ఏళ్ళ తరబడి మాత్రలు మింగింది. మచ్చకు రంగు తిరిగివచ్చింది, ఒక్క వేలూ వంకర పోలేదు. ఇక మందు అక్కరలేదని డాక్టరుగారు అన్ననాడు, ఆమె ఉన్నవాటిలో మంచిచీర కట్టుకుని బాపు అని మేం పిలిచే మా నాన్నను వెంటబెట్టుకుని బస్సెక్కింది. చీకటిపడకముందే ఇద్దరూ తిరిగొచ్చారు. చిన్నాయన మగ్గం పక్కన ఇంకొకామె నూలు కండెలు చుడుతున్నదనీ, పిల్లవాడు ఆమె వెనక నక్కి తొంగిచూశాడనీ బాపు అమ్మతో మెల్లగా చెప్పాడు. చిన్నమ్మ చీర మడతపెట్టి, చాటలో బియ్యం పోసుకుని ఏరడానికి కూర్చుంది. ఆ తరువాత ఆ ఊరి పేరు ఆమె నోట నేను వినలేదు.

ఆమె పోయినప్పుడు ఆ కొడుకు వచ్చాడు. మీసాలొచ్చిన మనిషి. చేయవలసిన కర్మలన్నీ చేశాడు గాని, మాలో ఎవరితో మాట్లాడినా రెండుబారల ఎడంగా నిలబడే మాట్లాడాడు. ఆ ఎడం చిన్ననాడే నేర్చినట్టుంది. వెళ్ళేముందు మా అమ్మ అతని తలమీద చెయ్యిపెడితే ఉలిక్కిపడ్డాడు. ఆ తర్వాత అలాగే చాలాసేపు వంగి నిలుచున్నాడు.

ఇప్పుడు ఆ రోగానికి మందులు ఊరూరికీ వస్తున్నాయి, దూదితో మచ్చను తాకి, స్పర్శ ఉందో లేదో చూసి మందు మొదలుపెడుతున్నారు, ఒక చుక్క కోసం ఎవరూ రోజంతా వంగి కూర్చోవడం లేదు. ఆ రోజు తిరిగివస్తూ కారులో ఇదంతా మనవరాలికి చెప్పబోతే, పెద్దరోగమంటే ఏ రోగం అమ్మమ్మా అని అడిగింది. ఆ మాట ఈ పిల్లలకు తెలియకపోవడమే మేలు, నాకూ సంతోషమే. కాని అది తెలిసినవాళ్ళం ఇక ఎందరమున్నాం? మేమూ పోయాక, చక్కని చేతులున్న ఒక మనిషి బతుకంతా అక్క ఇంటి వెనక అరుగు మీద ఎందుకు కూర్చుండిపోయిందో, చెప్పినా ఎవరికీ అర్థం కాదు.