బోర్డు మీద లేని పేరు

పిల్లలూ, మీ తాత పామిడి దగ్గర రైలు పట్టాలు వేసే, బాగుచేసే గ్యాంగ్‌మన్. అప్పట్లో పట్టాల కింద పడమటి కనుమల అడవుల నుంచి వచ్చిన చెక్క దూలాలు, స్లీపర్లంటారు, అడ్డంగా ఉండేవి. అవి తీసేసి సిమెంటువి వేసినప్పుడు, ఆయన ఒకటి వేలంలో తెచ్చి మనింటికి గడప చేయించారు. దానికి రోజూ పసుపు రాసేదాన్ని.

ఆయన పోయిన మరుసటి ఏడాది పాత రైళ్ల ప్రదర్శన పెడుతున్నామంటూ ఒకాయన వచ్చి గడప అడిగాడు.

"ఈ పట్టాలేసిన మనిషి పేరు బోర్డు మీద రాపిస్తామమ్మా. ఏం పేరు?"

ఆ మాటకే గడప ఇచ్చేశాను. కానీ మొగుడి పేరు నోటితో ఎలా చెప్పను? తల వంచుకుని, "మా ఇంటాయనే సామీ" అన్నాను.

ప్రదర్శన చూడ్డానికి అనంతపురం వెళ్లాను. గడప మీద పసుపు ఇంకా ఉంది. పక్కన బోర్డులో అడవి పేరుంది, చెట్టు పేరుంది. కింద "కూలీ పేరు తెలియదు" అని ఉంది.

"తెల్దంట! నాగప్ప! ఆయన పేరు నాగప్ప!" అని అందరి ముందూ అరిచేశాను.

కాపలా మనిషి పరుగున వచ్చాడు. "ఏమవ్వా, తప్పిపోయినాడా? ఉండు, పిలిపిస్తా."

నేను నోరు తెరిచేలోపే మైకు మోగింది. "నాగప్పగారూ, మీ ఆవిడ గడప దగ్గర ఎదురుచూస్తున్నారు."

అడిగిన రోజే చెప్పుంటే, ఆ పిలుపు వినే గతి నాకు పట్టేది కాదు.