మోడాల దేశపు మెరుపుముద్ద

నా చిన్నప్పుడు మాకు ఊరందరికంటే ఒక పండగ ఎక్కువ ఉండేది. అది ఏ పంచాంగంలోనూ లేదు, మా జేజి చెప్పే కథల్లో ఉండేది. జేజి అంటే మా నాయనను కన్నతల్లి. కొత్తచెరువుకు దగ్గర్లో ఉండే మా పల్లె మీదికి ఏటా బోలెడన్ని మబ్బులు వచ్చేవి. మా వైపు వాటిని మోడాలంటారు. వచ్చి, కాసేపు నిలబడి, ఒక్క చినుకైనా రాల్చకుండా పోయేవి. అవన్నీ ఎక్కడికి పోతాయని అడిగితే, మోడాల దేశానికని చెప్పింది జేజి. ఆ పూటతో మొదలుపెట్టి కొన్నేళ్లపాటు మేమిద్దరం ఆ దేశాన్ని వదిలిపెట్టలేదు.

ఆ దేశంలో జనం మబ్బుల మీదే మడకలు కట్టి దున్నుకుంటారు. అక్కడి గొర్రెలకు ఉన్ని బదులు మంచు పెరుగుతుంది. ఏరులు చిలక్కొయ్యలకు వేలాడుతుంటాయి, దాహమైనవాళ్ళు దించుకుని తాగి మళ్ళీ తగిలిస్తారు. వాళ్ల పెద్దపండగ వంట మెరుపుముద్ద. గింజల్ని ఉరుముతో దంచి, మెరుపు మీద వండి, నక్షత్రాలు వేయించి పైన చల్లుతారు. వండేటప్పుడు ఎవరూ తుమ్మకూడదు. ముద్దను ఇంట్లో పెద్దవాళ్ళు మోచేత్తో విరవాలి, ఎందుకంటే చేతులు మామూలు రోజులకు. ఈ పద్ధతులన్నీ నాకు కంఠతా వచ్చు. జేజి ఎక్కడైనా తప్పితే అక్కడికక్కడే సరిదిద్దేదాన్ని. ఇంట్లో నన్ను తాసీల్దారమ్మ అని ఏడిపించేవాళ్ళు గానీ నేను లెక్కచేసేదాన్ని కాదు.

రెండువేల సంవత్సరం వస్తే లోకం మునిగిపోతుందని బడిలో పిల్లలం ఒకరినొకరు బెదిరించుకుంటున్న రోజులవి. మునగడానికి నీళ్లేవీ అని మా నాయన నవ్వేవాడు. ఆ ఏడు చెనిక్కాయ, అదే వేరుశనగ, పంట చేలోనే మాడిపోయింది. మా పక్కింట్లో ఒక అక్క చిన్న కూతురితో ఉండేది. ధర్మవరంలో పట్టుచీరలు నేసే ఇంట పుట్టిన మనిషి. భర్త పని వెతుక్కుంటూ బెంగళూరు పోయాడు. నేయడానికి పట్టు ఇచ్చేవాళ్ళు లేక ఆమె మగ్గం నెలల తరబడి ఊరికే ఉంది.

ఉగాదికి మా ఊళ్లో ఇంటింటికీ తట్టలు తిరుగుతాయి. మా ఓళిగలు, అంటే బొబ్బట్లు, వాళ్లింటికి, వాళ్ల ఓళిగలు మా ఇంటికి. వచ్చిన తట్టను ఉత్తగా తిరిగి పంపకూడదు. ఏమీ లేకపోతే చిటికెడు చక్కెరైనా వేస్తారు. ఆ ఏడు అక్క ఇంట్లో ఆ చిటికెడూ లేదని మాకు తెలియదు. పండగ ముందురోజు ఆమె వీధిలో అందరికీ వినబడేలా, "మేం ధర్మవరం పోతాండాం, పండగ ఆడే" అని చెప్పింది. తెల్లారి చూస్తే వీధి వాకిలికి తాళం ఉంది.

నేను కరివేపాకు కోసం దొడ్లోకి పోతే, పొట్టి రాతిగోడకు అవతల అక్క కూతురు కూర్చుని ఉంది. మా వంటింట్లోంచి వస్తున్న పొగను చూస్తోంది. ఊరికి పోలేదా అని అడిగితే పెదాల మీద వేలు పెట్టుకుని, "మాయమ్మ చెప్పద్దనింది" అంది. రాత్రి నుంచి వాళ్లింట్లో పొయ్యి వెలగలేదని కూడా చెప్పింది. పరుగెత్తి వచ్చి గట్టిగా చెప్పబోతే జేజి నా నోరు మూసింది. మా అమ్మ అప్పటికే తట్టలో ఓళిగలు పెడుతోంది.

"తట్ట ఎత్తుకొని పోతే వాకిలి తెరవదు. ఉత్త తట్ట ఎట్ల తిరిగిచ్చేదనే గదా ఆ బిడ్డ తాళమేసుకొని కూర్చునింది" అంది జేజి.

జేజి లేచి పొయ్యి మీద బెల్లం నీళ్లు పెట్టి, రాగిపిండి పోసి, గట్టిగా కెలికి పెద్ద సంగటి ముద్ద చేసింది. పైన వేయించిన చెనిక్కాయ పప్పు చల్లింది. ఇదే మెరుపుముద్ద అనీ, మోడాల దేశంలో ఈ రోజే పెద్దపండగ అనీ, దాన్ని దొడ్లోనే చేయాలనీ చెప్పింది. నా ఆనందం అంతా ఇంతా కాదు.

ముద్దను రాతిగోడ పక్కన పెట్టి, జేజి కావాలనే గొంతు పెంచింది. "ఏం చేసేదే ఇప్పుడు! ముద్దయితే అయింది గానీ, పట్టుదారంతో తప్ప కోయకూడదే. అదీ మగ్గం నేసే చేత్తో. ఆ యమ్మ చూస్తే ఊర్లో లేకపాయ."

నాకు ఒళ్ళు మండింది. "అదేంది జేజీ, మోచేత్తో కదా విరిచేది!"

జేజి కళ్లురిమింది. "అది మగ్గాలు లేని ఊర్లకు. మగ్గముండే ఊర్లో దారమే."

అది నాకు సబబుగానే తోచింది. అంతలో గోడ అవతలి నుంచి సన్నటి గొంతు లేచింది. "మాయమ్మ ఉండాది! దారం కూడా ఉండాది!"

అక్క మెల్లగా లేచి నిలబడింది. తల ఎత్తలేదు. అబద్ధం బయటపడ్డ మనిషిని అంత దగ్గరగా చూడటం నాకు అదే మొదలు, భయమేసింది. జేజి మాత్రం ఏమీ జరగనట్టే, "బస్సు దొరకలేదామ్మా? పండగ పూట యాడ దొరుకుతాదిలే. మాకు మంచిదే అయింది, దారం తీసుకొని రా" అంది.

అక్క ముద్దను చూసింది, జేజిని చూసింది. దొడ్డివాకిట్లోంచి లోపలికి వెళ్ళి ఎర్ర పట్టుపోగు తెచ్చింది. గోడ దాటి వచ్చి, పోగు కొసలు రెండు వేళ్లకు చుట్టుకుని, ముద్ద అడుగు నుంచి పైకి ఒక్కసారి లాగింది. ముద్ద నున్నగా రెండుగా విడిపోయింది. చాలా రోజుల తర్వాత ఆ చేతులకు పని దొరికింది.

"కోసిన చేతికి సగం. ఆ దేశంలో తట్ట తిరిగిచ్చేది లేదు" అంది జేజి.

ఆ పద్ధతి నేనెన్నడూ వినలేదు. అక్క అనుమానంగా నా వైపు తిరిగింది. ఆ పాప కూడా నన్నే చూస్తోంది. నేను గట్టిగా తలూపి, "అవునక్కా, మొదట్నుంచీ అంతే" అన్నాను. అక్క నవ్వింది. నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది. పాప నోట్లో మొదటి ముద్ద పెట్టి, ఈ పండగ మళ్లా ఎప్పుడొస్తాది పెద్దమ్మా అని అడిగింది. జేజి ఆకాశం కేసి చూసి, "మోడం వచ్చి వాన పడకుండా పోయిన నాడల్లా" అని చెప్పింది.

మా వైపు అలాంటి రోజులకు కొదవలేదు. మగ్గం మళ్లీ ఆడేదాకా ఆ ఎండాకాలమంతా మాకు పండగే.

జేజి పోయి చాలా ఏళ్లయింది. ఎవరికైనా ఏదైనా పెట్టాలంటే ముందు వాళ్ల చేత్తో అయ్యే పని ఒకటి వెతకడం నాకు ఆవిడ నుంచే వచ్చింది. మొన్న మా వీధిలోకి కొత్తగా వచ్చిన ఒకావిడ, పిల్లలకు పెట్టి తను పస్తుంటోందని తెలిసింది. గుమ్మంలో నిలబడి, "అమ్మా, నాకు జలుబు చేసి నోరు చచ్చిపోయింది, పులుసులో ఉప్పు తెలియడం లేదు, కాస్త అన్నంలో కలుపుకొని చెబుతావా" అని పిలిచాను. వచ్చింది. మూడుసార్లు వడ్డించుకుని, ఉప్పు సరిపోయిందని చెప్పి వెళ్లింది. రేపు కూడా వచ్చి చూడమన్నాను. నా నాలుకకు ఏ జబ్బూ లేదు.