నత్తి పోయిన నాన్న

నేను ఏది చెప్పినా పదింతలు చేసి చెబుతాను, ముందే ఒప్పుకుంటున్నాను. డబ్లిన్ నుంచి కార్క్ వెళ్లే బస్సులో నా పక్క సీటు ఐరిష్ ముసలాయన తింటున్న గుడ్డు శాండ్‌విచ్ కంపుకి ముందున్న డ్రైవరు కళ్లు కూడా చెమర్చాయి.

"డాక్టరువా, కంప్యూటర్లా?" అన్నాడాయన. మనవాళ్లకి ఐర్లండులో మూడో వృత్తి లేదు కదా. కంప్యూటర్లే అన్నాను.

"అయితే ఇది చూడు" అని ఫోను నా ముక్కుకి ఆనించాడు. అందులో ఉన్నది వాళ్ల నాన్న. మూకీ సినిమాల్లో హీరో స్నేహితుడి వేషాలు వేసేవాడట. టాకీలు రాగానే ఆయన నత్తి బయటపడింది. ఆ తర్వాత అన్నీ శవం వేషాలేనట. ఇప్పుడెవరో కంపెనీవాళ్లు ఆ పాత బొమ్మకి కంప్యూటరుతో గొంతు పెట్టారు. అది అమెరికా యాసలో గడగడా జోకులు వేస్తోంది. కొడుకు సంతకం పెడితే విడుదల చేస్తారట.

"మా నాన్న నన్ను పేరు పెట్టి పిలవడానికి అర నిమిషం పట్టేది. పూర్తయ్యేదాకా కదలకుండా నిలబడేవాణ్ణి. వీడెవడయ్యా?" అంటూ నోట్లో ముద్దని రుమాల్లోకి ఉమ్మేశాడు. "పెట్టమంటావా సంతకం?"

 అలాంటి గొంతులు తయారుచేసే ఉద్యోగమే నాది.

"చచ్చినా పెట్టకండి!" అని అరిచాను. బస్సంతా చప్పట్లు కొట్టింది.

మిగతాదంతా పెంచి చెప్పానే గానీ జరిగిందే. ఈ అరుపొక్కటే కల్పన. నిజానికి నేనన్నది, "ఆడియో చాలా క్లియర్‌గా ఉందండీ" అని.