గ్రాసిండా పాటకి పేరు చెరిపింది మేమే

బతికున్న మనిషి రాసిన పాటకి ఆ మనిషి పేరు తీసేసి, కింద “పోర్చుగీసు జానపదం” అని అచ్చు వేశాం. ఈ తప్పు చేసింది మా ప్లెయిన్స్‌బరో శనివారం చదువరుల బృందం. బృందం అంటూ బహువచనం చాటున దాక్కోవడం నాకే అసహ్యంగా ఉంది కాబట్టి విడమరిచి చెబుతాను. కరపత్రం కూర్చింది నేను, జానపదం అన్న మాట రాసింది నేను, పాట చివరి చరణం కోసేసింది నేను. ఆ కాగితం మీలో కొందరి ఇళ్లలో ఫ్రిజ్ మీద ఇంకా అంటించి ఉందని తెలుసు. పోయిన శనివారం న్యూవార్క్ వెళ్లి, ఆ పాట రాసినావిడ ఎదుటే తల దించుకుని వచ్చాను. అటువైపు వెళ్లాలనుకునే వాళ్లకి దారీ ఖర్చూ తెలియాలి, మా బృందం చేసిన పనీ తెలియాలి. అందుకే ఇది రాస్తున్నాను.

నేను ఉండేది జెర్సీ సిటీలో. మా బిల్డింగ్‌లోనే అడెలినా ఆంటీ ఉంటుంది. పోర్చుగల్ నుంచి చిన్నప్పుడే వచ్చింది, బేకరీలో పనిచేసి రిటైరయింది. బట్టలు ఉతుక్కునే గదిలో కలిసినప్పుడు ఒక వార్త చెప్పింది. లిస్బన్ నుంచి గ్రాసిండా అనే నటి వస్తోందట. టీవీ సీరియల్లో డాక్టరుగా వేసి ఇంటింటికీ తెలిసిన మనిషి. నవలలు రాస్తుంది, పాటలూ రాస్తుంది. న్యూవార్క్‌లోని వాళ్ల క్లబ్బులో కొత్త నవల చదివి, పాటలు పాడుతుంది. నేను విన్నది సగమే. పోర్చుగీసు శ్రామికుల పాట ఒకటి మనం తెలుగులో పాడుతున్నాం, ఆ కరపత్రం వాళ్ల చేతికిస్తే ఎంత సంబరపడతారో అనుకున్నాను. బ్యాగు నిండా కాగితాలు సర్దుకున్నాను. ఇంగ్లీషు ఉద్యమ కరపత్రం ఒకదాంట్లో దొరికిన ఆ పాటని తెలుగు చేసింది హారిక. ప్లెయిన్స్‌బరోలో మందుల ల్యాబులో పనిచేస్తుంది, ఊరు ఖమ్మం. తనని కూడా రమ్మన్నాను.

జర్నల్ స్క్వేర్ నుంచి పాత్ రైలెక్కితే న్యూవార్క్ పెన్ స్టేషన్ ఇరవై నిమిషాల ప్రయాణం, టికెట్ మూడు డాలర్ల పైచిలుకు. ప్లెయిన్స్‌బరో వైపు వాళ్లు ప్రిన్స్‌టన్ జంక్షన్‌లో ఎక్కాలి. ముప్పావు గంట పడుతుంది, పదిహేను డాలర్లు అటూ ఇటూ అవుతుంది. హారిక పన్నెండున్నరకి దిగింది. స్టేషన్ వెనక వైపు నుంచి బయటపడి రెండు సిగ్నళ్లు దాటితే ఫెర్రీ స్ట్రీట్ మొదలవుతుంది. అక్కడినుంచి బోర్డులన్నీ పోర్చుగీసులోనే. కొట్ల ముందు ఉప్పు చేపలు అట్టల్లా దొంతర్లు పేర్చి ఉంటాయి. ప్రతి మలుపులోనూ బొగ్గుల మీద మాంసం కాలుతున్న వాసన.

శాకాహారులకి అక్కడ కొంచెం కష్టమే. హారిక ఆకుకూర, బంగాళదుంప వేసి చేసే సూప్ అడిగింది. వంటాయన గిన్నె తెచ్చి, పైన తేలుతున్న సాసేజ్ ముక్కని చెంచాతో తీసేసి, “ఇదిగో, ఇప్పుడు వెజిటేరియన్!” అన్నాడు గర్వంగా.

“అది ఇందులోనే మరిగింది కదా సార్?” అంది హారిక.

“మరిగింది. కానీ వెళ్లిపోయింది కదా!”

చివరికి రొట్టె, ఆలివ్‌లు, గుడ్డూ పాలూ మీగడా పోసి కాల్చిన చిన్న గిన్నెల్లాంటి తీపి వంటకం తిన్నాం. గుడ్డు తినని వాళ్లకి అదీ కుదరదు. ఇద్దరికీ కలిపి పాతిక డాలర్లలోపే అయింది. తింటూ ఉండగా హారిక అడిగింది. “ఈ పాట అసలు ఎవలదో చూసినవా నువ్వు?”

“జానపదానికి ఎవరిదేంటి?”

“జానపదమని ఎవలు చెప్పిన్రు? వెతికినవా?”

“ఎవరినని వెతకాలి? ప్రజల్నా?” అన్నాను. నా జవాబు నాకు భలే నచ్చింది కూడా. హారిక రొట్టె తుంచుకుంటూ కూర్చుంది.

కార్యక్రమం మూడింటికి, ఒక మేడ మీది హాల్లో. పది డాలర్లిస్తే కాఫీతో సహా లోపలికి. అడెలినా ఆంటీ ముందు వరసలో మాకు కుర్చీలు పట్టి ఉంచింది. గ్రాసిండాకి అరవై దాటి ఉంటాయి. పొట్టి జుట్టు, ముక్కు మీదికి జారే కళ్లద్దాలు. ఆవిడ గదిలోకి రాగానే ఆడవాళ్లందరూ ఆ సీరియల్లోని పేరుతో పిలిచారు. ఒకావిడైతే మోకాలు చూపించి మందు అడిగింది. “నేను గుండె డాక్టర్ని, మోకాళ్లు చూడను” అందట గ్రాసిండా. హాలంతా నవ్వింది. నవల్లోంచి కొన్ని పేజీలు చదువుతుంటే ఆంటీ నా చెవిలో ఇంగ్లీషులో చెబుతూ వచ్చింది. ఆ తర్వాత ఒకాయన గిటారు అందుకున్నాడు. రెండు లైన్లు వినేసరికి గుర్తుపట్టాను. మా పాటే. మాకు దొరికిన రికార్డింగులో బృందం కవాతులా పాడింది. ఈవిడ మాత్రం పక్కన పడుకున్న వాళ్లని లేపకూడదన్నంత నెమ్మదిగా పాడింది.

ప్రశ్నలు అడగమనగానే నేనే ముందు లేచాను. మీ ప్రజల జానపదాన్ని మేం తెలుగులో పాడుతున్నాం అని ఇంగ్లీషులో గొప్పగా ప్రకటించి, కరపత్రం ఎత్తి చూపించాను. ఆంటీ నా చొక్కా అంచు పట్టుకుని లాగింది. “కూర్చో, నాన్నా, కూర్చో. అది తను రాసిందే.”

గ్రాసిండా కళ్లద్దాలు పైకి జరిపి ఇంగ్లీషులోనే అంది. “జానపదమా? నేనింకా పోలేదు కదా!”

అందరూ నవ్వారు. అక్కడితో క్షమించమని కూర్చుంటే పోయేది. నాకు కోపం వచ్చింది. పాట జనం నోట పడ్డాక ఎవరి సొత్తూ కాదనీ, పేరు కోసం పట్టుబట్టడం కంచె వేసుకోవడం లాంటిదనీ చెప్పుకుపోయాను. ఒంగోల్లో ఉన్నప్పుడు సభల దగ్గర ఏరుకొచ్చి, రాత్రుళ్లు గీతలు గీసుకుంటూ చదివిన కరపత్రాల వాక్యాలన్నీ అక్కడ ఇంగ్లీషులో దొర్లించాను.

ఆవిడ ఆపకుండా మొత్తం విన్నది. “సరే. ఆ జనంలో నన్ను కూడా ఉండనిస్తావా? లేక రాసినందుకు నేను బయటా?”

నేను చేతిలోని కాగితం వైపు చూశాను. “పాడు, మీ భాషలో వింటాను” అంది. మూడు చరణాలూ పిడికిలి ఎత్తి పాడాను. మర్యాదకి చప్పట్లు కొట్టారు.

“నాలుగోది?”

“తీసేశాం.”

“ఎందుకు?”

“అది... వ్యక్తిగతం. పోరాటానికి అక్కర్లేదనిపించింది.”

ఆవిడకి కోపం రాలేదు. వచ్చినా బాగుండేది. “మా అమ్మ చేపలు డబ్బాల్లో పెట్టే ఫ్యాక్టరీలో చేసేది,” అని చెప్పింది. “సమ్మె నాడు నేను రాసింది ఆ చరణం ఒక్కటే. దాని దాకా తీసుకెళ్లడానికే ముందు మూడూ రాశాను. నేను వేసిన వేషాలు అందరికీ గుర్తుంటాయి బాబూ. రాసినవి మాత్రం ఎప్పుడూ ఇంకెవరివో అయిపోతాయి. గిటారు వాయించినాయనవి, లేదంటే జనానివి.” తర్వాత అడిగింది. “మీ భాషలోకి ఎవరు తెచ్చారు దీన్ని?”

“మా బృందం” అన్నాను.

ఈ మాట రాస్తుంటే ఇప్పుడు కూడా చెవులు వేడెక్కుతున్నాయి. అంతసేపు జరిగిన తర్వాత కూడా నా నోటికి వచ్చింది అదే. పక్క కుర్చీలో హారిక నేల వైపు చూస్తోంది. గ్రాసిండా తన వైపు తిరిగింది. “నువ్వా, అమ్మాయీ? అతను ఆగిపోయాక కూడా నీ పెదాలు కదిలాయి.”

“నేనే. నాలుగు చరణాలు” అంది హారిక. తర్వాత, ఎవరూ అడగకుండానే, కూర్చున్న చోటే పాడింది.

తలుపు తీసే ఉంది, దీపం తగ్గించే ఉంది
బల్ల మీద తల వాల్చి అమ్మ నిద్రపోయింది
తడిసిన బూట్ల ముడులు నేను విప్పుతుంటే
గెలిచారా అని అడిగింది, కళ్లు తెరవకుండానే

ఆ హాల్లో తెలుగు వచ్చినవాళ్లు మేమిద్దరమే. అయినా ఏ చరణమో అందరికీ తెలిసింది. గ్రాసిండా ఆఖరి లైను ఇంకోసారి అనమంది. నేను ఆ చరణాన్ని కోసినప్పుడు కనీసం ఒక్కసారి బయటకి చదువుకోలేదు. పేజీలో పట్టాలని మాత్రమే చూశాను. “పాడుకోండి. నాలుగూ పాడండి” అని ఆవిడ హారిక చెయ్యి పట్టుకుని చెప్పింది. నాకు కాదు.

ఐదున్నరకి స్టేషన్‌కి నడుస్తుంటే నేనే మొదలుపెట్టాను. “పేరు వెయ్యమని గట్టిగా అడగొచ్చు కదా హారికా?”

తను ఆగిపోయింది. “అడగలేదా? అందరి ముంగట అడిగితే ఏమన్నవ్? పేర్ల పిచ్చి పెటీ బూర్జువా రోగమన్నవ్. అందరు నవ్విన్రు. నువ్వు కూడ నవ్వినవ్.”

“ఏదో ఊపులో...”

“పేరు పోతే పోనీ, నాకంత లేదు. చరణం ఎందుకు తీసినవ్? రెండు వారాలు కూసున్న దాని మీద. ప్రింటయి వచ్చినంక చూసిన, నాలుగోది లేదు. ఒక్క మాట చెప్పినవా? మల్ల సమానత్వం గురించి గంట మాట్లాడ్తవ్, చాయ్ కప్పులు మేం కడగాలె.”

“వచ్చే ఆదివారం లైబ్రరీ ముందు పాడేటప్పుడు సరిచేద్దాం. వస్తావు కదా?”

“మీ బృందానికి చెప్పు, నేను మానేసిన అని” అంది. రైలొచ్చింది, ఎక్కేసింది. కిటికీ పక్కనే కూర్చుంది కానీ ఇటు చూడలేదు. పంచకుండా మిగిలిన కాగితాలతో నేను ప్లాట్‌ఫాం మీద నిలబడ్డాను.

శ్రమ చేసిన వాడికే దాని ఫలం అని ఏ వీధిలోనైనా గొంతు చించుకుని అరవగలను. ఆ వాక్యంలో “వాడికే” అన్నది ఇన్నేళ్లలో నాకెప్పుడూ తగల్లేదు. పాట రాసిన ఆవిడని జనం అన్నాను, తెలుగు చేసిన అమ్మాయిని బృందం అన్నాను. కరపత్రం అడుగున సంప్రదించవలసిన వ్యక్తి అని మాత్రం నా పేరు, నా ఫోన్ నంబరు పెద్ద అక్షరాల్లో వేసుకున్నాను. దొరల గురించి నేను చదివినదంతా ఇంకెవరి గురించో అనుకున్నాను. హారికకి రాత్రి మెసేజ్ పెట్టాను. చూసినట్టు టిక్కు పడింది, జవాబు రాలేదు. రావాలని అడిగే హక్కు నాకు లేదు.

ఫెర్రీ స్ట్రీట్‌కి వెళ్లేవాళ్లకి ఒక సలహా. కారు తీసుకెళ్లకండి, శనివారాలు పార్కింగ్ దొరకదు. ప్లెయిన్స్‌బరో వైపు వాళ్లు తిరుగు రైలు టైము ముందే చూసుకోండి, వారాంతంలో ఒకటి తప్పితే చాలాసేపు కూర్చోవాలి.

పాత కరపత్రం ఉన్నవాళ్లు దాన్ని పట్టుకుని ఈ ఆదివారం సాయంత్రం సరిగ్గా నాలుగింటికి ప్లెయిన్స్‌బరో లైబ్రరీ ముందుకి రండి. అది వెనక్కి తీసుకుని కొత్తది ఇస్తాను. రచన గ్రాసిండా, తెలుగు హారిక, నాలుగు చరణాలు, ఇంకే పేరూ లేదు. హారిక వస్తే తను పాడుతుంది, మనం వింటాం. రాకపోతే ఎవరూ పిడికిలి ఎత్తకుండా, నెమ్మదిగా, చివరి చరణం దాకా మనమే పాడదాం. నాలుగింటికి.