రెండు కొసలూ మూసిన కడ్డీ

పదవీ విరమణకు నాలుగేళ్ల ముందు, ఏప్రిల్‌లో, ఎమ్మెస్సీ గణితం జవాబు పత్రాలు దిద్దే ఖమ్మం శిబిరానికి నన్ను ఎగ్జామినర్‌గా వేశారు. అప్పుడు నేను పినపాక వైపు అడవి అంచున ఉన్న ఒక కళాశాలలో పాక్షిక అవకలన సమీకరణాలు బోధిస్తున్నాను. ఆ పేపరుకు అందరిదీ ఒకటే పాఠ్యపుస్తకం. నేను చదివిందీ, చెప్పిందీ అదే. మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటివాణ్ణి నేను. అచ్చయిన సమాధానాన్ని అనుమానించవచ్చని నాకెన్నడూ తోచలేదు.

జవాబు పత్రం మీద పేరు ఉండదు, కోడ్ నంబరు మాత్రమే ఉంటుంది. చీఫ్ ఎగ్జామినర్ ఇచ్చిన కీ ప్రకారం మార్కులు వేయాలి. మూడో రోజు ఒక పత్రం దగ్గర ఆగిపోయాను. ప్రశ్న ఇది: వేడి ఎటూ పోకుండా మూసేసిన కడ్డీలో మొదట ఒక కొస వద్ద ఉష్ణోగ్రత సున్నా, అక్కడి నుంచి రెండో కొస దాకా క్రమంగా పెరుగుతుంది. కాలం గడిచాక ఎక్కడ ఎంత ఉంటుంది? పుస్తకమూ, కీ కూడా చివరికి అంతటా సున్నాయే అన్నాయి. ఈ పత్రంలో సగటు ఉష్ణోగ్రత దగ్గర నిలుస్తుందని ఉంది. కింద ఒక వాక్యం: "వేడి పోయే దారి లేదు కనుక మొత్తం తగ్గదు."

కీ ప్రకారం పదికి నాలుగే. అలా వేస్తే మొత్తం ముప్పై అయిదు. పాస్‌కు నలభై కావాలి.

పుస్తకం సమాధానంలో కాలాన్ని సున్నా చేసి, అంటే మొదటి క్షణానికి, లెక్కించాను. సున్నా ఉండాల్సిన కొస వద్ద అంతకన్నా తక్కువ వచ్చింది. శ్రేణికి ముందుండే స్థిరపదం, అంటే ఆ సగటే, అచ్చులో ఎగిరిపోయింది.

చీఫ్ ఎగ్జామినర్ ఖాదర్ సార్ దగ్గరికి వెళ్లి తప్పు చూపించాను.

"ఏంది సార్, గిన్నేండ్ల పుస్తకం తప్పా?"

"అవ్ సార్. మూత బిగించిన ఫ్లాస్కుల చాయ్ ఎట్ల సల్లారుతది?"

"మా ఇంట్ల ఫ్లాస్కు ఒక్క గంటల సల్లారుతది!"

"దానికి చిల్లున్నది సార్. లెక్కల ఫ్లాస్కుకు చిల్లుండదు."

ఆయన నవ్వి, కాగితం లాక్కుని తానే లెక్క చేశారు. తర్వాత తలెత్తి, "మరి మీరు క్లాసుల ఏం చెప్పిండ్రు?" అన్నారు.

"పుస్తకంల ఉన్నదే. తొమ్మిదేండ్లు చెప్పిన."

"గట్లయితే కీ మారిస్తె మీ పిల్లల ఆరు మార్కులు పోతయి. ఒప్పుకుంటరా?"

కీ మారాలంటే లిఖితపూర్వక విన్నపం, పరీక్షల బోర్డు సంతకాలు కావాలి. ఒక పేజీ రాశాను. సరైన సమాధానానికి పూర్తి మార్కులు ఇవ్వాలనీ, నిర్దేశించిన పుస్తకాన్ని నమ్మి రాసినవారికి కోత వేయరాదనీ కోరాను. తప్పును నేనూ బోధించానని అందులోనే రాసి సంతకం చేశాను. బోర్డు రెండూ అంగీకరించింది. దిద్దేసిన కట్టలు వెనక్కి తెప్పించి మళ్లీ చూశాం. ఆ పత్రం నలభై ఒకటితో పాసైంది. అది ఎవరిదో నాకు తెలియదు. తెలుసుకునే వీలు నిబంధనల్లో లేదు.

ఉద్యోగంలో చాలా కాగితాల మీద సంతకం చేశాను. గర్వంగా చెప్పుకోదగినది ఆ ఒక్క పేజీయే. సమాధానం అచ్చులో ఉన్నంత మాత్రాన రుజువైనట్టు కాదని ఆ రోజు నేర్చుకున్నాను. రిటైరయ్యే దాకా, కాలం మొదట్లో ఒకసారి, చివర ఒకసారి సరిచూడకుండా ఏ సమాధానాన్నీ నల్లబల్ల మీద ఉంచలేదు.